సంతకం ఏ పాత్రలో పెడుతున్నాం?

హోసూరులోనో, పావగడలోనో, రాయగడలోనో, సిరొంచలోనో ఒక తెలుగు రైతు బ్యాంకు మెట్లెక్కాడనుకుందాం. అప్పు తీసుకుంటున్నది బంధువు. ఈయన తోడు వెళ్ళాడు. ‘గ్యారంటరు ఇక్కడ సంతకం చేయండి’ అని గుమాస్తా కాగితం ముందుకు జరిపాడు. సాక్షి సంతకం వంటిదే కాబోలనుకుని ఈయన చేసేశాడు. అదే చోట ‘జామీనుదారు’ అని తెలుగులో ఉండి ఉంటే ఆ చేయి ఒక్క క్షణమైనా ఆగేది. జామీను పడడమంటే ఏమిటో మన పల్లెల్లో తెలియనివారు లేరు. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 128వ సెక్షను ప్రకారం, ఒప్పందంలో వేరేగా రాసుకుంటే తప్ప, అసలు బాకీదారుకు ఎంత బాధ్యతో జామీనుదారుకూ అంతే బాధ్యత. ఊరికే సాక్షిగా నిలిచినవాడికి ఆ బాధ్యత లేదు. ఒక్క మాట అర్థం కాకపోవడానికి మూల్యం ఎకరా పొలం కావచ్చు.

‘నామినీ’ సంగతీ అంతే. బ్యాంకు డిపాజిట్లలో నామినీగా పేరుంటే ఆ సొమ్ము తనదేనని చాలామంది నమ్మకం. నామినీ సొమ్మును అందుకునే మనిషి మాత్రమే. హక్కు వారసులదేనని 2010లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ‘అందుకునేవాడు’, ‘వారసుడు’ అని రెండు తెలుగు మాటలు పక్కపక్కన ఉంటే ఎన్ని అన్నదమ్ముల తగవులు మొదట్లోనే తెగిపోయేవో ఆలోచించండి.

దీనికి మనకు ఎప్పుడూ వినిపించే సమాధానం ఒకటుంది. సరిహద్దుల్లో నాలుగు భాషలు కలుస్తాయి కనుక వాది ఎవరో, సాక్షి ఎవరో చెప్పడానికి అందరికీ ఉమ్మడిగా ఇంగ్లీషే అనువైనదట! ఈ మాట నిజమేనా? వాది, ప్రతివాది, సాక్షి అనే మాటలు తెలుగులో ఉన్నట్టే కన్నడంలో, తమిళంలో, మరాఠీలో, ఒడియాలో కొద్దిపాటి ఉచ్చారణ భేదంతో ఉన్నాయి. జామీను ఈ అయిదు భాషలకూ తెలిసిన మాటే. మన వారసుడు కన్నడంలో వారసుదార, తమిళంలో వారిసు, మరాఠీలో వారస్. వీటిలో కొన్ని సంస్కృతం నుంచి వచ్చాయి, కొన్ని పారసీ కచేరీల నుంచి వచ్చాయి. ఎక్కడినుంచి వచ్చినా ఇంగ్లీషు కోర్టులు వెలియక ముందే ఇరుగుపొరుగు భాషలు కలిసి వాడుకున్న సొత్తు ఇది. ఉమ్మడి మాటలు మనకు లేక కాదు, వాటిని కాగితాలమీదికి రానివ్వక ఇంగ్లీషు పదం ఉమ్మడిదైపోయింది.

అయితే మాట ఒకటే అయినంత మాత్రాన అర్థమూ ఒకటేనని ఏమరుపాటు తగదు. తెలుగులో ముద్దాయి అంటే నేరం మోపబడినవాడు. ఉర్దూ, హిందీ కచేరీ వాడుకలో ముద్దయీ అంటే దావా వేసినవాడు. సరిగ్గా తలకిందులు! మహారాష్ట్ర సరిహద్దులో ఈ రెండు వాడుకలూ ఒకే చెవిన పడతాయి. కనుక మాటతోపాటు దాని బాధ్యతను కూడా తేటతెల్లంగా చెప్పుకోవలసిందే.

ఇంగ్లీషు పదమల్లా పరాయిదని మేమనడం లేదు. కలెక్టరు తెలుగు మాటే అయిపోయింది. రాని అమ్మమ్మ లేదు. మా అభ్యంతరం పొడి అక్షరాలమీద. కర్ణాటక పల్లెలో గ్రామలెక్కిగ అన్న మాట జనం నోట ఉంది, మహారాష్ట్రలో తలాఠీ ఉంది. మనకు కరణం ఉండేది. ఆ పాత ఉద్యోగాలను తమిళనాడు 1980లోనూ, ఆంధ్రప్రదేశ్ 1984లోనూ రద్దు చేశాయి. వంశపారంపర్య పెత్తనం పోవడం మంచిదే. కాని పదవితోపాటు పేరూ పోయింది, దాని చోటికి తెలుగు పేరు రాలేదు. మండలాలు ఏర్పడ్డాక వచ్చిన అధికారి ‘ఎమ్మార్వో’ అయ్యాడు. ఆ హోదాకు తహశీల్దారు అన్న పేరును ప్రభుత్వం తిరిగి తెచ్చినా జనం నోట ఎమ్మార్వోయే మిగిలాడు. తెలుగు రాష్ట్రాలే తమ అధికారులను పొడి అక్షరాలతో పిలుచుకుంటుంటే, ఎల్లల అవతల ఉన్న మనం ఎవరిని చూసి నేర్చుకోవాలి?

చట్టం మనకు కొంత చోటు ఇచ్చింది. తన బాధను ఏ అధికారికైనా ఆ రాష్ట్రంలో గాని, కేంద్రంలో గాని వాడుకలో ఉన్న ఏ భాషలోనైనా విన్నవించుకునే హక్కును రాజ్యాంగం 350వ అధికరణం ప్రతి మనిషికీ ఇస్తున్నది. జవాబు అదే భాషలో వస్తుందన్న హామీ మాత్రం అందులో లేదు. క్రిమినల్ కేసులో సాక్ష్యం నిందితుడికి తెలియని భాషలో సాగితే, కోర్టులోనే అతనికి తెలిసిన భాషలో వివరించాలన్నది చట్టం. 1908 నాటి రిజిస్ట్రేషను చట్టం 19వ సెక్షను, దస్తావేజు భాష విషయంలో ‘ఆ జిల్లాలో సాధారణంగా వాడే భాష’ను కొలబద్దగా పెట్టింది, రాజభాషను కాదు. యానాంలో తెలుగుకు ప్రభుత్వ వ్యవహారాల్లో చట్టబద్ధమైన చోటు ఉంది. కాని ‘నేనిక్కడ ఎవరిని?’ అని అడగలేని మనిషికి ఏ హక్కూ అక్కరకు రాదు.

అందుచేత సరిహద్దు జిల్లాల తెలుగు కుటుంబాలకు మా విన్నపం ఇది. సంతకం పెట్టేముందు ‘ఈ కాగితంలో నా పాత్ర ఏమిటి?’ అని అడగండి. చెప్పేదాకా కలం ఎత్తవద్దు. అర్జీలు రాసేటప్పుడు అర్జీదారు, సాక్షి, జామీనుదారు, సంరక్షకుడు అన్న మాటలను ముందు తెలుగులో రాసి, పక్కన ఆ రాష్ట్ర భాషలో రాయండి. రాష్ట్ర భాషను గౌరవించడం మన భాషను వదులుకోవడం కాదు. మన ఉపాధ్యాయులు, న్యాయవాదులు ఒక్కో జిల్లాలో కూర్చుని ఓ యాభై మాటలకు తెలుగు, రాష్ట్ర భాష, ఇంగ్లీషు వరుసల పట్టిక తయారుచేసి, ఒక్కో మాటకు ఒక్కో వాక్యంలో బాధ్యతను చెబితే చాలు. అది ప్రతి ఇంట గోడకు వేలాడాలి.

భాష పద్యాల్లోనే బ్రతకదు. పొలం దస్తావేజులో, కోర్టు బోనులో, బ్యాంకు కాగితంలో కూడా బ్రతకాలి. అక్కడ మన మాట లేకపోతే అక్కడ మనమూ లేనట్టే.