అరువు గొంతు – దొంగ బొమ్మ

ఒకసారి అద్దం ముందు నిలబడి ‘అమ్మ’ అనండి. మీ పెదవులు రెండూ కలుసుకున్నాయి కదా! ఇప్పుడు ‘అక్క’ అనండి. ఈసారి కలవలేదు. ప, ఫ, బ, భ, మ – వీటిని ఓష్ఠ్యాలంటారని వ్యాకరణంలో చదువుకునే ఉంటారు. పెదవులు మూయకుండా వీటిని పలకలేము.

డబ్బింగ్ సినిమాకు మాటలు రాసేవారికి ఇదే పెద్ద పరీక్ష. తెరమీద ఇంగ్లీషు నటుడి పెదవులు మూతపడిన చోట తెలుగులోనూ ఇలాంటి అక్షరమే పడాలి. సినిమాలో సెకనుకు 24 బొమ్మలు కదులుతాయి. మాట నాలుగైదు బొమ్మలు వెనకబడినా మనం ఇట్టే పసిగడతాం. 1950లో వచ్చిన ‘ఆహుతి’ అనే డబ్బింగ్ చిత్రానికి శ్రీశ్రీ అంతటి కవి మాటలు, పాటలు రాశారు. రచయిత, గొంతు అరువిచ్చే కళాకారులు, సౌండ్ ఇంజనీరు – ఇందరి శ్రమ ఫలితం మనం వినే ఆ తెలుగు.

అలాంటి సినిమాను కొందరు హాల్లో దొంగచాటుగా చిత్రించి ఇంటర్నెట్‌లో పెడుతున్నారు. మరికొందరు అనుమతి లేకుండా తామే తెలుగు మాటలు అతికిస్తున్నారు. ఇప్పుడు కంప్యూటరు చేతే గొంతు పలికించవచ్చు. “తెలుగు మేము చేర్చిందే, ఇది దొంగతనమెలా అవుతుంది?” అంటారు వీరు. పక్కవాడి సైకిలుకు రంగు వేసినంత మాత్రాన అది మనదవుతుందా?

మన కాపీరైట్ చట్టం 1957లో వచ్చింది. దాని ప్రకారం సినిమా మీద హక్కు 60 ఏళ్ళు ఉంటుంది. దొంగ ప్రతులు తీసి అమ్మేవారికి 6 నెలల నుంచి 3 ఏళ్ళ వరకు జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల వరకు జరిమానా పడవచ్చు. హాల్లో దొంగచాటుగా చిత్రించడాన్ని 2023లో సినిమాటోగ్రాఫ్ చట్టంలో ప్రత్యేక నేరంగా చేర్చారు. దొంగను పట్టడానికి సైన్సు కూడా సాయపడుతోంది. డిజిటల్ ప్రదర్శనలో కంటికి కనపడని గుర్తులు బొమ్మలో కలిసి ఉంటాయి. దొంగ ప్రతిలోకీ అవి వస్తాయి. ఏ హాల్లో, ఏ వేళ చిత్రించారో వాటిని బట్టి కనిపెట్టవచ్చు.

“మాకు ఇంగ్లీషు రాదు. ఆ సినిమా తెలుగులో రాలేదు. వచ్చినా హాలు మా ఊరికి దూరం. చూస్తే తప్పేమిటి?” అని మీలో ఎవరైనా అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. మన భాషలో చూడాలనుకోవడం తప్పు కాదు. అందరికీ అందే ధరలో, ఆలస్యం లేకుండా తెలుగులో అందించే బాధ్యత సినిమావారిది. ఆ విషయంలో వారినీ నిలదీయవలసిందే.

కాని ఒక్కటి ఆలోచించండి. దొంగ ప్రతి వల్ల నష్టం మొదట తగిలేది కోట్లు తీసుకునే హీరోకు కాదు. తెలుగులో వేస్తే గిట్టదని తోచిన నిర్మాత రేపు డబ్బింగే మానుకుంటాడు. అప్పుడు పేరు కూడా మనకు తెలియని కళాకారుడికి పని పోతుంది, మనకు సినిమా పోతుంది. కొరత తీరుతుందని చేసిన పని కొరతనే పెంచుతుంది.

ఈసారి డబ్బింగ్ సినిమా చూసేటప్పుడు నటుడి పెదవులు గమనించండి. అవి మూతపడిన చోట సరిగ్గా ‘మ’ వినిపిస్తే, దాని వెనుక ఎవరో కూర్చుని ఆ మాట కోసం వెతికారని గుర్తుంచుకోండి. వారికి రావలసిన కూలి మన చేతిలోనే ఉంది.