చదరంగమునకు దారిబత్తెము

వరంగల్లు వాసియగు శ్రీ ఎరిగైసి అర్జున్ 2018లో, పదునైదేండ్లు నిండకమునుపే, గ్రాండుమాస్టరు బిరుదమును బడసెను. 2024 సెప్టెంబరులో బుడాపెస్టు నగరమున జరిగిన ఒలింపియాడునందు మూడవ బల్లపై నాడి, పదునొకండు ఆటలలో పది పాయింట్లు గడించి, భారతదేశమునకు ఆ పోటీలో తొలి స్వర్ణపతకమును దెచ్చిన జట్టునకు వెన్నెముకయై నిలిచెను. ఆ యేటి డిసెంబరు పట్టికలో ఆతని రేటింగు 2801. విశ్వనాథన్ ఆనందు తరువాత ఆ గీటు దాటిన భారతీయుడు ఈతడే. కరీంనగరమునకు వరంగల్లు డెబ్బది కిలోమీటర్లు. ఇది మనకు పొరుగింటి వార్త.

పొరుగింటి వార్తకు సంతసించుట సహజమే. శాలువలు కప్పుటయందును, పూలమాలలు వేయుటయందును మన జిల్లాలవారు ఎవ్వరికిని తీసిపోరు. కాని శాలువ గెలుపు తరువాత వచ్చును. ఖర్చు గెలుపునకు ముందే వచ్చును. ఆ ముందటి ఖర్చును గూర్చి మన పెద్దలు ఆలోచింపకున్నారని మా అభియోగము.

ఈ బిరుదము ఇంట గూర్చుండి సంపాదించునది కాదు. రేటింగు 2500 చేరవలెను. దానిపైని మూడు నార్ములు కావలెను. ఒక్కొక్క నార్మునకు సాధారణముగా తొమ్మిది ఆటల పోటీలో 2600 స్థాయికి తగ్గకుండ ఆడవలెను. ప్రత్యర్థులలో ముగ్గురైన గ్రాండుమాస్టరులై యుండవలెను. పరదేశపు ఆటగాండ్రతోడను తలపడవలెను. కరీంనగరములోని బాలు డెంత చురుకైనవాడైనను, తన వీధిలో గ్రాండుమాస్టరులను ముగ్గురిని ఎక్కడనుండి తెచ్చుకొనును? మొదట హైదరాబాదు, పిదప చెన్నపట్టణము, ఆ తరువాత స్పెయిను, హంగరీ, సెర్బియా దేశములకు పోవలసినదే. బాలుడు పోయిన తల్లియో తండ్రియో వెంట పోవలెను. ఆదిలాబాదు బాలునకు హైదరాబాదే మున్నూరు కిలోమీటర్ల దూరము. ఎత్తు వేయకముందే ఆతని సొమ్ము సగము రైళ్ళకును బసలకును చెల్లిపోవును.

ఇంతవరకు ఈ సొమ్ము పెట్టినవారెవరు? కన్నవారు. గుడివాడలో జన్మించిన శ్రీమతి కోనేరు హంపి 2002లో పదునైదేండ్ల ప్రాయమున గ్రాండుమాస్టరైనది. అంత చిన్నతనమున ఆ బిరుదము నందిన స్త్రీ అంతకు మున్ను ప్రపంచమున లేదు. ఆమె వెనుక అధ్యాపకోద్యోగమును వదలుకొని గురువైన తండ్రి అశోకుగారు కలరు. 2019లోను, మరల 2024లోను ఆమె ప్రపంచ రాపిడ్ విజేత్రియైన నాడు దేశమెల్ల పొంగినది. ఉద్యోగము వదలుకొన్న నాడు ఆ యింటి గడప తొక్కిన వారెందరు? అర్జునునకు సైతము సింగపూరు సంస్థయొకటి పదునైదు లక్షల డాలర్ల సాయమును బ్రకటించినది 2024లో, ఆతడు 2700 గీటు దాటిన పిమ్మట. పండిన చెట్టునకు నీరు పోయువారు దొరకుదురు. మొలకకు పోయువారే కావలయును.

మనకు పోషణ కొత్తది కాదు. బొడ్డుచర్ల తిమ్మన శ్రీకృష్ణదేవరాయలతో చదరంగమాడి గెలుచుచుండెనని మన చాటువులు చెప్పుచున్నవి. అయితే పోషణలోను రెండు తెరగులు గలవు. పంజాబు దేశమున సర్ ఉమర్ హయాత్ ఖానను జమీందారుని కొలువులో మీర్ సుల్తాన్ ఖానుండెను. ఆతడు నేర్చినది బంటు ఒక్కొక్క గడియే నడచు మన పాత పద్ధతి యాట. 1929లో దొరతో సీమకు బోయి, ఆ యేడును, 1932, 1933 లందును బ్రిటిషు చాంపియనై, హేస్టింగ్సులో కాపబ్లాంకానే ఓడించెను. ఆ యింటి పరిచారికయే యగు ఫాతిమా 1933లో స్త్రీల చాంపియనయ్యెను! దొర స్వదేశమునకు మరలగానే సుల్తాన్ ఖాను ప్రపంచ చదరంగమునుండి అదృశ్యుడయ్యెను. 1966లో ఆతడు మరణించెను. ప్రపంచ సమాఖ్య ఆతనికి గౌరవ గ్రాండుమాస్టరు బిరుదము నిచ్చినది 2024లో. పోషకుని ఇష్టమే పోషణయైనచో ఫలమిట్లుండును.

చెన్నపట్టణమున సోవియటు సాంస్కృతిక కేంద్రములో తాల్ పేరిట నొక చదరంగ సంఘము ఉండెడిది. బాలుడగు ఆనందు అక్కడ ఆడి పెరిగెను; 1988లో దేశమునకు తొలి గ్రాండుమాస్టరయ్యెను. అక్కడ నున్నవి బల్లలు, గడియారములు, తనకంటె మేటియగు ప్రత్యర్థులు. ఇవి యొకని దయ కాదు, ఒక సంఘము.

“ఆట కూడు పెట్టునా?” యని మన యిండ్లలో వినబడుచున్నది. అడిగెడివారే ఇంటరు కళాశాలలకు లక్షలు పోయుచున్నారు! హరికృష్ణకు, హంపికి పదునైదేండ్లకును, అర్జునునకు ఇంకను ముందుగను బిరుదము దక్కినది. సరిగా ఆ ప్రాయముననే మన కళాశాలలు పిల్లవానిని తెల్లవారుజామున లేపి రాత్రి వరకు గదిలో మూసి యుంచుచున్నవి. ఇక పోటీకి పదిదినముల సెలవెవరిత్తురు? ఆడపిల్లయైనచో ఈ తలుపు మరింత ముందే మూసికొనును. ద్రోణవల్లి హారిక 2022లో చెన్నపట్టణపు ఒలింపియాడున నిండుచూలాలై కూర్చుండి ఆడి జట్టునకు కాంస్యము తెచ్చుటలో పాలుపంచుకొన్న సంగతిని మన తల్లిదండ్రులకు చెప్పవలసియున్నది.

మేము కోరునది పెద్ద భవనము కాదు. కరీంనగరమున బియ్యపు మిల్లులవారును, గ్రానైటు గనులవారును కలరు. జగిత్యాల, మంచిర్యాల, నిర్మల్ ప్రాంతములలో భూవసతిగల గృహస్థులు కలరు. వీరు కూడి ఏటేట రేటింగు పోటీ నొకటి కరీంనగరమున నడిపి, విదేశపు మాస్టరులను కొందరిని రప్పించినచో, మన పిల్లలు పరదేశమునకు బోవు ఖర్చులో కొంత తగ్గును. (పావుల నెక్కడనుండియో కొనుటయేల? నిర్మల్ పనివారు పొణికి కొయ్యతో ఏనుగును, గుర్రమును చెక్కగలరు.) మిగిలిన సొమ్ముతో పదునాలుగేండ్లలోపు పిల్లలకు, అందు సగము ఆడపిల్లలకు, ప్రయాణపు ఖర్చు ఇయ్యవలెను. ఆ నిధికి ఏ దాత పేరును పెట్టరాదు. ఏ పోటీకి పోవలెనో నిర్ణయింపవలసినవారు పిల్లవాడును గురువును, దాత కాదు. జమాఖర్చుల నేటేట పత్రికలలో ప్రకటింపవలెను.