ఎండను ఎండలాగే చూపించినవాడు

బ్రెజిల్‌లో లూయిజ్ కార్లోస్ బరెతో పేరెత్తితే నిర్మాత అనే అంటారు. ఆయన నిర్మించిన ‘దోనా ఫ్లోర్, ఆమె ఇద్దరు భర్తలు’ (1976) సినిమాను కోటిమందికి పైగా చూశారు. ఆ రికార్డు 2010 దాకా నిలిచింది. ఇద్దరు కొడుకులు తీసిన సినిమాలు ఆస్కార్ నామినేషన్ల వరకు వెళ్లాయి. ఇవన్నీ గొప్పవే. అయినా ఆయన చేసిన అసలు పని అంతకు పదమూడేళ్ల ముందు, కెమెరా పట్టుకుని చేసిందే అంటాను. పత్రికలకు కరువు ఫొటోలు తీసినవాణ్ని, ఈ విషయంలో నా పట్టుదల కాస్త ఎక్కువే.

ఆ సినిమా ‘విదాస్ సేకాస్’ (1963). గ్రసిలియానో రామోస్ నవల ఆధారం. ఈశాన్య బ్రెజిల్‌లో సెర్తావ్ అనే మెట్టప్రాంతం, పశువులు కాసుకునే ఫాబియానో, భార్య, ఇద్దరు పిల్లలు, బలేయా అనే కుక్క. కరువు తరిమితే నడక, ఎక్కడో కొన్నాళ్లు నిలదొక్కుకోవడం, మళ్లీ నడక. దర్శకుడు నెల్సన్ పెరేరా దోస్ సాంతోస్ మొదటిసారి యూనిట్‌తో వెళ్తే వానలు పడి నేలంతా పచ్చబడింది. చేసేదిలేక అక్కడే వేరే సినిమా తీశారు. మళ్లీ ప్రయత్నించినప్పుడు జోసే రోసాతో పాటు బరెతో కెమెరా బాధ్యత తీసుకున్నారు. ఆయన పుట్టింది ఆ ఈశాన్యంలోనే, సియారా రాష్ట్రంలోని సొబ్రాల్‌లో. ‘ఓ క్రుజేరో’ పత్రికలో ఫొటో జర్నలిస్టుగా చేశారు.

బ్లాక్ అండ్ వైట్‌లో లెన్స్‌కు ఎర్ర ఫిల్టర్ తగిలిస్తే ఆకాశం నల్లబడి, మబ్బులు దూదిపింజల్లా తేలతాయి. కరువు కూడా చూడముచ్చటగా కనిపిస్తుంది. బరెతో ఫిల్టర్లు తీసేశారు. నీడలో ఉన్న మొహాలకు సరిపడా ఎక్స్‌పోజర్ పెట్టి ఆకాశాన్ని దాని మానాన వదిలేశారు. అది తెల్లగా మండిపోయింది. మొదటి షాట్ చూడండి. కెమెరా కదలదు. బండిచక్రం కీచుమనే చప్పుడు చెవుల్ని కోస్తూనే ఉంటుంది. ఎక్కడో దూరాన చుక్కల్లా కనిపించిన మనుషులు దగ్గరికి రావడానికి చాలాసేపు పడుతుంది. ఆ ఎండలో మనల్నీ నిలబెట్టేశారు.

ఫాబియానో జబ్బుపడిన కుక్కను కాల్చే ఘట్టమైతే కాన్ చిత్రోత్సవంలో పెద్ద గొడవే లేపింది, నిజంగానే చంపారని. చివరికి ఆ కుక్కనే విమానంలో తెచ్చి చూపించాల్సి వచ్చింది. జనం అంతగా నమ్మారంటే ఆ వెలుతురుకూ అందులో వాటా ఉంది.

1967లో దర్శకుడు గ్లౌబెర్ రోషా తీసిన ‘తెర్రా ఎమ్ ట్రాన్సె’కూ ఆయనే ఛాయాగ్రాహకుడు. ఆ తర్వాత నిర్మాణంలో పడిపోయారు. నాకది నష్టంగానే తోస్తుంది.

ఇప్పుడు కరువు సీను అనగానే డీఐలో (డిజిటల్‌గా రంగులు దిద్దే దశలో) పసుపు పులిమేస్తున్నారు. పగుళ్లిచ్చిన నేల బంగారంలా మెరుస్తోంది, దాని మీద నిలబడ్డ మనిషి మొహం మాత్రం కనిపించడం లేదు. సినిమాటోగ్రఫీ నేర్పే ప్రతిచోటా కలర్ గ్రేడింగ్ పాఠం కన్నా ముందు ‘విదాస్ సేకాస్’ను పెద్ద తెర మీద వేసి చూపించాలి.