కొన్నదీ, కూడబెట్టినదీ

ఇల్లు మారేటప్పుడు ఏ సామాను ఎవరి చేతికివ్వాలన్న సంగతి మన ఇల్లాళ్లకు ఒకరు చెప్పనక్కరలేదు. మంచాలూ, బీరువాలూ బండివాడి పాలు. ఆవకాయ జాడీ మాత్రం ఒళ్లో పెట్టుకుని తీసుకువెళ్లవలసిందే. దారిపొడుగునా జాడీని కౌగలించుకుని కూర్చున్న ఇల్లాలిని చూసి మగవాళ్లు నవ్వుతారు గాని, ఆవిడ లెక్కే సరైన లెక్క. బీరువాకు సొట్టపడితే బజారులో మరొకటి దొరుకుతుంది. జాడీ పగిలితే మళ్లీ వేసవి రావాలి, మళ్లీ కాయ కొట్టాలి, మళ్లీ ఊరబెట్టాలి. అప్పటికైనా ఆ రుచే వస్తుందని పూచీ లేదు.

కొన్న వస్తువుకూ, కూడబెట్టుకున్న వస్తువుకూ ఉన్న భేదం ఇది. ఇంత తెలిసిన మనం, కంప్యూటరు మార్చేటప్పుడు మాత్రం ఈ భేదాన్ని బొత్తిగా మరచిపోతున్నాం.

కంప్యూటర్లు మార్చవలసిన అవసరం ఈమధ్య చాలా ఇళ్లకు ఒక్కసారిగా వచ్చిపడింది. 2025 అక్టోబరు 14తో విండోస్ 10కి మైక్రోసాఫ్టువారి మామూలు మద్దతు ముగిసింది. ఏడెనిమిదేళ్లుగా నిక్షేపంగా పనిచేస్తున్న పెట్టెలు ఎన్నో విండోస్ 11కి తగవని తేలింది. కొత్త విండోస్ కోరే టీపీఎం 2.0 అనే భద్రతా సాధనమో, కావలసిన ప్రాసెసరో వాటిలో లేకపోవడమే కారణం. మా ఇంట్లో పెట్టె కూడా ఆ జాబితాలో చేరింది. కొత్తది కొన్నాం. పాతది ఇస్తే కొంత తగ్గిస్తామని దుకాణంవారన్నారు.

నా ప్రశ్నపత్రాలూ, పాఠాల నోట్సులూ, మా ఆవిడ దాచుకున్న పెళ్లి ఫొటోలూ, పన్ను కాగితాలూ అన్నీ జాబితా వేసి కొత్త పెట్టెలోకి ఎక్కించాం. పాతదాన్ని తీసుకువెళ్లడానికి వచ్చిన కుర్రవాడు, "ఇంకేమైనా ఉన్నాయా సార్? డిస్కు తుడిచేస్తాం" అన్నాడు.

"ఆటలున్నాయి" అన్నాడు ఇంటర్మీడియట్ చదువుతున్న మా అబ్బాయి.

"ఆటలే కదా! మళ్లీ దింపుకోవచ్చు తమ్ముడూ" అన్నాడతను.

అతను చెప్పింది అబద్ధం కాదు, సగం నిజం. సగం నిజాలతో వచ్చే చిక్కే అది. వాటిని కాదనడానికి నోరు రాదు.

ఆటలో రెండు భాగాలున్నాయి. ఒకటి ఆట. అది కంపెనీ తయారుచేసింది. డబ్బిచ్చి కొన్నాక అది మన ఖాతాలో ఉంటుంది. కొత్త కంప్యూటరులో అదే ఖాతాతో ప్రవేశిస్తే మళ్లీ దిగుతుంది. కొన్ని ఆటలు వంద గిగాబైట్లు దాటుతాయి గనుక ఒక రాత్రంతా పట్టవచ్చు గాని, దిగడం మాత్రం ఖాయం. రెండోది, ఆ ఆటలో మనవాడు సాధించినది: దాటిన మెట్లు, గెలిచిన పోరాటాలు, కట్టిన కోటలు. దాన్ని పిల్లలు 'సేవ్' అంటారు. అది కంపెనీ తయారుచేసింది కాదు, ఆడినవాడు తయారుచేసింది. దాని ప్రతి మరొకచోట ఉంటే ఉన్నట్టు, లేకపోతే లేనట్టే.

ఆడినంతవరకు దాచుకోవడమనే ఈ సౌకర్యం ఆటలకు మొదటినుంచీ ఉన్నది కాదు. 1986లో జపానులో 'డ్రాగన్ క్వెస్ట్' అనే ఆట వచ్చినప్పుడు, ఆడడం ఆపేసే ముందు తెరమీద ఇరవై అక్షరాల మంత్రమొకటి కనిపించేది. 'పునరుజ్జీవన మంత్రం' అని దానికి పేరు. ఆ అక్షరాలను కాగితంమీద రాసుకుని, మరునాడు తు.చ. తప్పకుండా అప్పజెబితే ఆగినచోటినుంచి ఆట సాగేది. మరుసటి ఏడు వచ్చిన రెండో భాగంలో ఈ మంత్రం యాభై రెండు అక్షరాలదాకా పెరిగింది. అందులో ఒక్క అక్షరం తప్పు రాసుకున్నా పడ్డ కష్టమంతా గంగపాలు. 1987లో అమెరికాలో అమ్మిన 'లెజెండ్ ఆఫ్ జెల్డా' ఆటబిళ్లలో చిన్న బ్యాటరీ పెట్టి, దాని బలంతో ఆటను గుర్తుంచే ఏర్పాటు చేశారు. ఆ బ్యాటరీ ప్రాణం పోతే జ్ఞాపకమూ పోయేది.

ఈ సంగతులు చదువుతూంటే తెలుగు పాఠాలు చెప్పుకునే నాకు తాటాకులు గుర్తుకు వచ్చాయి. తాటాకు శాశ్వతం కాదు. పురుగు తింటుంది, చెమ్మకు చెడుతుంది, అంచులు విరుగుతుంది. అందుకే తరానికొక లేఖకుడు కూర్చుని, శిథిలమవుతున్న ప్రతిని చూసి కొత్త ప్రతి రాసేవాడు. అలా రాయనివి పోయాయి. పందొమ్మిదో శతాబ్దంలో సి.పి. బ్రౌను కడపలో పండితులకు జీతాలిచ్చి ప్రతులు సేకరింపజేసి, పోల్చి చూపించి, శుద్ధప్రతులు రాయించాడంటే ఆయన చేసిన పని ఇదే: పాత పెట్టెనుంచి కొత్త పెట్టెకు ఎక్కించడం. మన కావ్యాలు మనదాకా వచ్చింది తాటాకు గట్టిదనంవల్ల కాదు, సకాలంలో ప్రతి తీసినవాళ్లవల్ల.

"కావ్యాలకూ పిల్లల ఆటలకూ పోలికా మాస్టారూ!" అని మీరు అనవచ్చు. తొందరపడకండి. మా పాత పెట్టెలో ఏమున్నదో చెబుతాను.

కోనసీమలో మా తాతగారి నాటి మండువా ఇల్లు ఒకటి ఉండేది. అన్నదమ్ముల వాటాలు తేలక 2017లో అమ్మేశాం. కొన్నవారు పడగొట్టి, ఆ చోట రెండంతస్తుల మేడ వేసుకున్నారు. వారి డబ్బు, వారి స్థలం, అనడానికేమీ లేదు. మా దగ్గర ఆ ఇంటి ఫొటోలు నాలుగే ఉన్నాయి. నాలుగింటిలోనూ పెళ్లివారు అడ్డం నిలబడి ఉన్నారు.

2020 లాక్‌డౌనులో మా అక్కయ్యా వాళ్లూ రాజమండ్రిలో మా ఇంట్లోనే చిక్కుపడ్డారు. మా అబ్బాయీ, వాడి బావా కలిసి 'మైన్‌క్రాఫ్ట్' అనే ఆటలో పడ్డారు. అది కాల్చడం, పేల్చడం ప్రధానమైన ఆట కాదు. ఘనాకారపు దిమ్మెలు పేర్చి కావలసినది కట్టుకునే ఆట. ఆట లెక్కలో ఒక్కో దిమ్మ మీటరు పొడవు, మీటరు వెడల్పు, మీటరు ఎత్తు. ఒకరోజు ఊసుపోక ఊళ్లోని ఇల్లు కట్టడం మొదలుపెట్టారు. మా అమ్మ కుర్చీ లాక్కుని వెనకాల కూర్చుంది.

"పెరటి గుమ్మం అటు కాదురా, బావివైపు" అన్నది.

"ధాన్యం గాదె ఎక్కడ నానమ్మా?"

"వంటింటి పక్కనే. దానిమీద ఎక్కి మీ నాన్న ఒకసారి దూకాడు కూడాను!"

అలా నలభై రోజులు సాగింది. తులసికోట వచ్చింది. తులసిమొక్క ఆ ఆటలో లేదు గనుక ఏదో ఫెర్ను పెట్టారు. పెంకుల కప్పుకు ఇటుక మెట్లు తిరగేసి పేర్చారు. మండువాలోకి వాన పడేచోటు సరిగ్గా ఆకాశంకింద తెరిచి ఉంచారు. వీధి అరుగు ఎడమవైపు రెండు మెట్లనీ, కుడివైపు మూడనీ నాకే జ్ఞాపకం లేదు. అమ్మకు ఉంది. ఇప్పుడు అమ్మకు ఎనభైనాలుగు. ఆ మెట్ల మాట ఇప్పుడడిగితే, "ఏ మెట్లురా?" అంటుంది. ఆ బావ అమెరికాలో డాలస్‌లో చదువుకుంటున్నాడు. ఇల్లు నేలమీద లేదు, అమ్మ జ్ఞాపకంలో సగమే ఉంది. మొత్తంగా ఉన్నది ఆ పెట్టెలో ఒక్కచోటే.

దుకాణం కుర్రవాడు తుడిచేస్తామన్నది దాన్ని.

మా అబ్బాయి అతన్ని ఆపాడు. "మైన్‌క్రాఫ్ట్ వస్తుంది, మా ఇల్లు రాదు" అన్నాడు. ఎందుకు రాదో వాడు నాకు విప్పి చెప్పాడు. ఆ ఆటలో జావా ఎడిషన్ అని ఒక రకం ఉంది. ఖాతాతో ప్రవేశిస్తే అందులో ఆట మాత్రమే దిగుతుంది. ఇంట్లో ఒక్కరే ఆడుకునేందుకు కట్టిన ప్రపంచాలు కంపెనీవారి దగ్గర ఉండవు, మన డిస్కుమీదనే ఉంటాయి. అవి ఉండే చోటు కూడా సులభంగా కంటికి కనపడేది కాదు. విండోస్ మీట, ఆర్ మీట కలిపి నొక్కితే చిన్న పెట్టె తెరుచుకుంటుంది. అందులో యాప్‌డేటా అనే మాటకు ముందూ వెనకా శాతం గుర్తులు పెట్టి ఇంగ్లీషులో కొడితే దాగి ఉన్న ఫోల్డరు బయటపడుతుంది. అందులో, పేరుకు ముందు చుక్క ఉన్న మైన్‌క్రాఫ్ట్ ఫోల్డరు, దానిలోపల సేవ్స్, దానిలో ఒక్కో ప్రపంచానికి ఒక్కో ఫోల్డరు. అమ్మ ఇల్లు అక్కడ ఉంది. మొత్తం బరువు మూడువందల మెగాబైట్లు! నా ప్రశ్నపత్రాలూ ఫొటోలూ అంతకు ఎన్నో రెట్లున్నాయి.

వాడు ఆ ఫోల్డరును పూర్తిగా పెన్‌డ్రైవులోకి ఎక్కించాడు. లోపలి ఫైళ్లలో ఒకటీ అరా ఏరుకుంటే లాభం లేదు. ఫోల్డరు మొత్తం కదలాలి. మరొక ముఖ్యమైన మాట: కత్తిరించి అతికించలేదు, ప్రతి తీశాడు. దారిలో పెన్‌డ్రైవు చెడినా మూలప్రతి నిలవాలి కదా! తరువాత కొత్త పెట్టెలో ఆటను దింపి, ఒకసారి తెరిచి మూశాడు. సరిగ్గా అదే చోట ఫోల్డరు పెట్టి, మళ్లీ తెరిచాడు. జాబితాలో ఇల్లు కనిపించింది. పాతకాలపు ప్రపంచాన్ని కొత్త రకపు ఆటలో తెరిచేముందు, ప్రతి తీసి ఉంచమంటారా అని ఆటే అడిగింది. తీసి ఉంచమన్నాడు.

"కొత్త పెట్టెలోకి వెళ్లిందా ఇల్లు? పాలు పొంగించారా?" అని అడిగింది అమ్మ. నవ్వులాటకు అన్నదో, నిజంగానే అన్నదో నేను ఆరా తీయలేదు.

మీ ఇంట్లో ఆట వేరేది కావచ్చు గనుక మరి నాలుగు మాటలు చెబుతాను. మైన్‌క్రాఫ్ట్‌లోనే బెడ్‌రాక్ అని మరో రకం ఉంది. దాని ప్రపంచాలు వేరేచోట ఉంటాయి. ఆటలోనే ఆ ప్రపంచం సెట్టింగులు తెరిచి ఎగుమతి చేసుకోవచ్చు. ఒక రకం ప్రపంచం రెండోదానిలో నేరుగా తెరుచుకోదు. పల్లెటూరి సేద్యం చేయించే 'స్టార్‌డ్యూ వ్యాలీ' దాచిన ఆటలు కూడా ఆ యాప్‌డేటాలోనే, తన పేరుగల ఫోల్డరులో ఉంటాయి. 'విచర్ 3' మాత్రం డాక్యుమెంట్సులో దాచుతుంది. ఒక్కో ఆట ఒక్కోచోట పొదుగుతుందన్నమాట.

చాలామంది పిల్లలు ఆటలు కొనేది 'స్టీమ్' అనే అంగడిలో. అక్కడ క్లౌడ్ సౌకర్యమున్న ఆటలయితే సేవ్ ఒక ప్రతి వారి దగ్గర ఉంటుంది. అయితే అన్ని ఆటలకూ ఆ సౌకర్యం లేదు. ఏ ఆటకుందో ఆ ఆట పేజీలోనే చూసుకోవచ్చు. ఉన్నప్పటికీ, పాత పెట్టెలో చివరిసారిగా తెరిచి, ఎక్కింపు పూర్తయిందో లేదో చూడాలి. కొత్త పెట్టెలో 'ఇక్కడిది ఉంచనా, క్లౌడ్‌లోది ఉంచనా?' అని ప్రశ్న వస్తే, తేదీలు చదవకుండా మీట నొక్కకూడదు. నిన్న పుట్టిన ఖాళీ సేవ్ మూడేళ్ల సేవ్‌ను మింగేది అక్కడే. ఇక ఆట బరువు సంగతంటారా, రెండు కంప్యూటర్లూ ఒకే ఇంటి నెట్‌వర్కుమీద ఉంటే, ఒకదానినుంచి మరొకదానికి ఆటను నేరుగా పంపే ఏర్పాటు స్టీమ్‌లో 2023లో వచ్చింది. వంద గిగాబైట్లు బయటినుంచి దింపనక్కరలేదు.

అన్నీ అయ్యాక కూడా పాత పెట్టెను వెంటనే సాగనంపవద్దు. ఒక వారం ఉంచండి. కొత్తదానిలో ప్రతి ఆటనూ తెరిచి, ఆగినచోటినుంచే సాగుతోందని ఆడినవాడి చేతనే చూపించుకోండి. ఆ తరువాత మీ సొంత కాగితాలన్నీ తుడిచి అప్పగించండి. మా ఇంటికి వచ్చిన కుర్రవాడిని అలాగే వారం ఆగి రమ్మన్నాం. అతనికేమీ కోపం రాలేదు. పైగా, ఇల్లు చూపించమని అడిగి, మండువాలో ఒకసారి తిరిగి చూసి వెళ్లాడు.

పిల్లలు ఆటలమీద కాలం పాడుచేస్తున్నారని మనం రోజూ అంటూనే ఉంటాం. అనవలసినప్పుడు అనండి, నేనూ అంటాను. కాని ఆ పోయిన కాలానికి ప్రతిఫలంగా వాళ్లు ఏదైనా కూడబెట్టి ఉంటే, అది ఏమిటో తెలుసుకోకుండా పారేసే హక్కు పెద్దవాళ్లమైనంతమాత్రాన మనకు రాదు. పాత కంప్యూటరు గుమ్మం దాటేముందు ఇంట్లో అందరినీ ఒక్కమాట అడగండి: "ఇందులో నీది ఏముంది?" అని. బీరువాల సంగతి బజారువాడు చూసుకుంటాడు. జాడీలు ఎవరివి వారు ఒళ్లో పెట్టుకోవలసిందే.