కెనడావారిని గూర్చి మన తలంపులు

ఒక మనుష్యుని ఎరుగుటకు ఏండ్లు పట్టును. ఒక జాతిని ఎరుగుటకు మాత్రము మనకు నిమిషమైనను పట్టదు. ఫలానా దేశమువారు పిసినారులనియు, ఫలానావారు కోపిష్ఠులనియు, ఫలానావారు సాధువులనియు తీర్పు చెప్పివేయుదుము. ఇట్టి తీర్పునే ఇతరులు మనపై చెప్పినచో నొచ్చుకొందుము. దక్షిణ దేశమువారినందరిని మద్రాసీలని పిలుచుచు, మనకొక భాషయు ఒక చరిత్రయు కలవని తెలియనివారిని చూచి కోపింతుము. అయినను ఇతరుల విషయమున మనము చేయుచున్నది అదియే.

ఈ సంవత్సరము పైతరగతి విద్యార్థులను “కెనడావారిని గూర్చి మీకు తెలిసినది వ్రాయుడు” అని అడిగితిని. నాలుగు మాటలు దాదాపు అన్ని కాగితములలోను కనబడెను. ఆ దేశము నిత్యము మంచుతో కప్పబడియుండును, అచ్చటివారు అమెరికావారి వంటివారే, వారందరును ధనవంతులు, వారు మిక్కిలి మృదుస్వభావులు, ప్రతి మాటకును క్షమాపణ చెప్పుకొందురు. వ్రాసినవారిలో కొందరి అన్నలో అక్కలో నేడు ఆ దేశమున చదువుచునో, ఉద్యోగము చేయుచునో యున్నారు. ఈ తలంపులనే మూటగట్టుకొని రేపు వీరును విమానమెక్కవచ్చును. కావున ఆ నాలుగు మాటలలో నిజమెంతయో విచారించుట అనవసరము కాదు.

మొదటిది మంచు. ఇది కేవలము అసత్యము కాదు. 1947 ఫిబ్రవరి 3వ తేదీన యూకన్ ప్రాంతమందలి స్నాగ్ అనుచోట శీతలము సున్నకు దిగువ 63 డిగ్రీల వరకు పోయెను. కాని ఆ దేశమందే, బ్రిటిష్ కొలంబియాలోని లిట్టన్ గ్రామమున, 2021 జూన్ 29వ తేదీన 49.6 డిగ్రీల ఎండ కాసెను. మరునాడే కార్చిచ్చు చెలరేగి ఆ గ్రామమును చాలవరకు దహించెను. రోహిణీకార్తెలోనైనను మన విశాఖ అంతటి ఎండను ఎరుగదు. పడమటి తీరమందలి విక్టోరియా నగరమున చలికాలములో సయితము మంచు అరుదుగా కురియును. మన దేశమునకు మూడింతలైన భూమికి ఒక్కటే వాతావరణమును అంటగట్టుట, కాశ్మీరమును తలచుకొని కాకినాడకు కంబళి పంపుట వంటిది.

రెండవది, కెనడావారును అమెరికావారును ఒక్కటే యనుట. ఎవరన్నను అనవచ్చునుగాని విశాఖపట్టణమువారు ఈ మాట అనరాదు. ఏలయన, కెనడావారితో మనకు గల పరిచయము ఆ దేశ ప్రభుత్వముకంటె ముసలిది. కెనడాలో జన్మించిన శామ్యూల్ డే అను మిషనరీ 1836లోనే ఈ పట్టణమున అడుగిడెను. కెనడా డొమీనియను ఏర్పడినది 1867 జూలై 1వ తేదీన. అతనిని పంపినది అమెరికా మిషను గనుక అతడు అమెరికావాడనియే పలువురు తలంచిరి. 1874లో మెక్లారిన్ దొర కాకినాడలో కెనడా బాప్తిస్టు మిషనును నెలకొల్పెను. అయితే అచ్చట పని ప్రారంభించినవాడు అతడు కాడు; తంతి శాఖలో ఉద్యోగము వదలి సువార్త పనికి పూనుకొనిన థామస్ గాబ్రియేలు అను తెలుగువాడు. కెనడావారిని పిలిచినవాడును అతడే. 1875లో భీమునిపట్టణమునకు వచ్చినవారు కెనడావారే యైనను వేరొక తెగవారు. కాకినాడవారిని పంపినది ఒంటారియో, క్విబెక్ రాష్ట్రముల సంఘములు. భీమిలివారిని పంపినది నోవాస్కోషియా మొదలైన సముద్రతీర రాష్ట్రముల సంఘములు. మన పట్టణమందలి టింపనీ పాఠశాల పేరు వినని వారుండరు. ఆ టింపనీగారు కెనడావారు. అయినను తలిదండ్రులు ఆయనకు పెట్టిన పేరు అమెరికస్ వెస్పూషియస్! ఆయన 1885లో కాకినాడలో కలరా సోకి మరణించెను. వీరినందరిని మన పెద్దలు దొరలు, దొరసానులు అని ఒక్కటే పేరుతో పిలిచిరి. ఏలుటకు వచ్చిన ఆంగ్లేయునికిని, బడి పెట్టుటకు వచ్చిన కెనడావానికిని వారికి భేదము కనబడలేదు.

భేదము నేటికిని కలదు. అమెరికావారు 1776లో రాజును వదలుకొనిరి. కెనడావారికి నేడును రాజు కలడు. కెనడా జనులలో సుమారు ఐదింట ఒకవంతువారి మాతృభాష ఫ్రెంచి. వైద్యునియొద్దకును ఆసుపత్రికిని పోయినవారి వ్యయమును అచ్చట చాలవరకు ప్రభుత్వమే భరించును. ఈ మూడవ సంగతిని గూర్చి కెనడావారు గర్వపడుదురు. అమెరికావారని పిలిచినచో చిన్నబుచ్చుకొందురు. మనలను మద్రాసీలనినప్పుడు మనకు కలుగు బాధ ఎట్టిదో అదియు అట్టిదే.

మూడవది ధనము. మన జిల్లాలలో కెనడావారు కట్టిన బడులను, పిఠాపురము, ఆకివీడు, సోంపేట మొదలగు చోట్ల వారు నెలకొల్పిన ఆసుపత్రులను చూచి, అదియెంత సంపన్న దేశమో యని మనవారనుకొనుట సహజము. కాని ఆ ధనములో ఎంతో భాగము పల్లెటూళ్ల స్త్రీలు కూడబెట్టిన చిల్లర నాణెములు. హన్నా నోరిస్ అను యువతి 1870లో నోవాస్కోషియా ఊరూర తిరిగి స్త్రీల సమాజములను స్థాపించెను. బెస్తవారి ఇండ్లనుండియు, రైతుల ఇండ్లనుండియు ఆ సమాజములకు కానుకలు చేరెను. ఇక నేటి సంగతి. 2024 మార్చి నెలలో కెనడాలోని ఉచిత ఆహార కేంద్రములకు జనులు 20 లక్షల పర్యాయములకు పైగా వచ్చిరి. దేశము ధనవంతమే, దేశస్థులందరును ధనవంతులు కారు. ఈ సంగతి ఎరుగక అప్పుచేసి పోయిన బాలురు, అద్దె చెల్లించు దినమున దానిని నేర్చుకొందురు.

నాల్గవది మృదుత్వము. దీనికి చట్టమే సాక్ష్యము చెప్పుచున్నది. క్షమింపుడని పలికినంతమాత్రమున నేరమొప్పుకొనినట్లు న్యాయస్థానములు ఎంచరాదని బ్రిటిష్ కొలంబియా 2006లోను, ఒంటారియో 2009లోను శాసనములు చేసినవి. ఒక మాటను కాపాడుటకు శాసనము చేసినారనగా, ఆ మాట వారి నాలుకపై ఎంతగా నిలిచియున్నదో ఊహింపవచ్చును. అయినను ఈ నాలుగింటిలో మిక్కిలి జాగ్రత్తతో పరీక్షింపవలసినది ఇదియే.

1914 మే 23వ తేదీన కొమగాట మారు అను ఓడ 376 మంది హిందూదేశస్థులతో వాంకూవరు రేవునకు చేరెను. వారిలో ఎక్కువమంది పంజాబు సిక్కులు. అందరును నాటి బ్రిటిషు ప్రజలే. స్వదేశమునుండి ఎచ్చటను మారక వచ్చినవారినే దిగనిత్తుమని కెనడాలో ఒక నిబంధన యుండెను. పేరునకు అది ప్రయాణమును గూర్చిన నిబంధన. ఉద్దేశము మాత్రము మనవారిని రానీయకుండుట. రెండు నెలలు ఓడను రేవులోనే నిలిపి, కొందరిని తప్ప తక్కినవారిని దిగనీయక, జూలై 23వ తేదీన యుద్ధనౌకను తోడిచ్చి త్రిప్పి పంపిరి. ఓడ కలకత్తా సమీపమునకు రాగా పోలీసువారి కాల్పులలో పలువురు మరణించిరి. ఆ కాలముననే కెనడా వైద్యురాండ్రు మన గోదావరి పల్లెలలో రోగులకు మందిచ్చుచుండిరి. ఇందేది నిజమైన కెనడా? రెండును నిజమే.

మిషను పాఠశాల పత్రికలో వ్రాయుచున్నాను గనుక ఇంకొక సంగతిని దాచరాదు. ఆ దేశపు ఆదిమవాసుల బిడ్డలను తలిదండ్రులనుండి వేరుచేసి, వసతి పాఠశాలలలో నుంచి, వారి భాషను మాన్పించు పద్ధతి నూరేండ్లకు పైగా సాగెను. ఒక లక్ష ఏబది వేలకు పైగా బాలబాలికలు వానిలో ఉంచబడిరి. అందు మరణించినవారివిగా గుర్తింపబడిన పేర్లు నాలుగు వేలకు మించినవి. ఆ పాఠశాలలలో పెక్కింటిని ప్రభుత్వ ధనముతో నడపినవి క్రైస్తవ సంఘములే. 2008లో ప్రధానమంత్రి పార్లమెంటులో దీనికై క్షమాపణ చెప్పెను. కొమగాట మారు విషయమునకై 2016లో వేరొక ప్రధానమంత్రి క్షమాపణ చెప్పెను. అప్పటికి నూటరెండేండ్లు గడచెను. వీధిలో భుజము తగిలినచో తత్క్షణమే క్షమాపణ చెప్పు జాతికిని, పెద్ద తప్పులను ఒప్పుకొనుటకు అంత కాలము పట్టెను. అయినను ఒప్పుకొనెను, తమ తప్పును నేటికిని ఒప్పుకొనని జాతులు పెక్కు కలవు. ఈ రెండు మాటలను ఒకచోటనే చెప్పవలెను.

మంచి ముద్ర వేసినచో హానియేమి యని కొందరడుగుదురు. హాని కలదు. కెనడావారందరును సాధువులని నమ్మిపోయిన బాలునికి, ఇల్లు అద్దెకిచ్చినవాడో పని యిచ్చినవాడో అన్యాయము చేసినచో, తప్పు తనదే యని తోచును. ఇంటికి వ్రాసినచో తలిదండ్రులును, అట్టివారు అట్లు చేయరని బదులు వ్రాయుదురు. చెడ్డ ముద్ర నిర్దోషిని దూషించును. మంచి ముద్ర బాధపడినవాని నోరు మూయును. రెండును ఎదుటనున్న మనుష్యుని చూడనీయవు.

ఇంతకును కెనడావారనగా ఎవరు? 2021 జనాభా లెక్కల ప్రకారము ఆ దేశస్థులలో నూటికి 23 మంది ఇతర దేశములలో పుట్టినవారు. వారిలో మన తెలుగువారును కలరు. ఉత్తరాంధ్ర పల్లెలో పుట్టి టొరొంటోలో స్థిరపడినవాడు ఒక ఉగాదినాడు వేపపువ్వు దొరకక విచారించుచుండినచో, అతడును కెనడావాడే.

విద్యార్థులారా, మీ కాగితములను దిద్దునప్పుడు నేను వర్ణక్రమదోషములను ఎక్కువగా పట్టించుకొనలేదు. “అందరును” అని మీరు వ్రాసినచోటనెల్ల ఆ మాటను కొట్టివేసి “కొందరు” అని వ్రాసితిని. ఆ వాక్యములను మరల చదివికొనుడు. అప్పుడు అవి దాదాపు అన్నియు నిజమగును. మీరు ఆ దేశమునకు పోయినప్పుడును, అచ్చటివారు మన రేవునకు వచ్చినప్పుడును, ఈ చిన్న దిద్దుబాటును జ్ఞాపకముంచుకొనుడు. తెలుగువారందరును ఇట్టివారని అచ్చట ఎవరైన అనినచో, అదే దిద్దుబాటును వారికిని వినయముతో నేర్పుడు.