సంజాయిషీ అడగకుండానే షాపు మూస్తారా?

పొద్దున్నే జీపు వస్తుంది. బస్తాలు లెక్కపెడతారు. స్టాకులో తేడా ఉందని పంచనామా రాసి సంతకం పెట్టమంటారు. నాలుగు రోజులకు ఆర్డీవో ఆఫీసు నుంచి కాగితం: డీలర్‌షిప్ సస్పెండ్. నీ మాటేమిటని అడిగిన పాపాన ఎవరూ పోరు. షాపు పక్క ఊరి డీలరుకు అప్పజెపుతారు. విచారణ ఎప్పుడంటే జవాబుండదు.

మన పేటలో చదువుకున్న పిల్లో పిల్లాడో రోస్టరులో తెచ్చుకున్న షాపు అది. నిన్నటిదాకా సంచి పట్టుకుని ఆ షాపు ముందు నిలబడ్డవాళ్ళం ఇవాళ తక్కెడ పట్టుకున్నాం. కొందరు పెద్దమనుషులకు అదే కంటగింపు. ఊళ్ళో జెండా మారితే డీలరూ మారాలనేవాళ్ళు ఇంకొందరు. వాళ్ళకు ఒక్క ఆకాశరామన్న ఉత్తరం చాలు.

ఒక్క విషయంలో మాకు మొహమాటం లేదు. పేదల బియ్యం అమ్ముకున్నవాడు ఏ కులంవాడైనా షాపు పోవలసిందే. ఆ కార్డులూ మనవే, ఆ ఆకలీ మనదే. దొంగను వదిలేయమని మేము అడగడం లేదు. దొంగో కాదో తేల్చేముందు అతని మాట వినమంటున్నాం.

ఇది మేము కొత్తగా కోరుతున్నది కాదు. 1955 నాటి నిత్యావసర సరుకుల చట్టమే చూడండి. 6-ఏ కేసులో పట్టుకున్న సరుకును జప్తు చేయాలంటే, ముందు కారణాలు రాసి నోటీసు ఇవ్వాలి, జవాబు తీసుకోవాలి, చెప్పేది వినాలి అంటుంది 6-బి. బియ్యం బస్తాకున్న పాటి రక్షణ బతుకుతెరువుకు వద్దా?

1978లో మేనకాగాంధీ పాస్‌పోర్టు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది: చట్టంలో రాయకపోయినా మాట వినకుండా హక్కు లాక్కోరాదు. 1984లో లిబర్టీ ఆయిల్ మిల్స్ కేసులో ఇంకో మాట చెప్పింది: అర్జెంటయితే ముందు నోటీసు లేకుండా తాత్కాలికంగా ఆపవచ్చు, కానీ ఆ తరువాతయినా వినాలి. కాబట్టి నోటీసు ఇవ్వలేదన్న ఒక్క మాటతో ప్రతి సస్పెన్షనూ కొట్టుడుపోదు. అంత అర్జెంటు ఏమొచ్చింది, ఆ తరువాతయినా విన్నారా అని నిలదీయాలి. ఆర్డరులో లేని కారణాన్ని కోర్టుకొచ్చాక అఫిడవిట్‌లో అతికించడం చెల్లదని 1977లోనే మొహిందర్ సింగ్ గిల్ కేసు తేల్చింది.

డీలర్లైన అన్నలూ, అక్కలూ! ఖాళీ కాగితం మీద సంతకం పెట్టకండి. పంచనామా నకలు అడగండి. జవాబు రాసే ఇవ్వండి, ముట్టినట్టు రశీదు తీసుకోండి. గడువు దాటకుండా పై అధికారికి అప్పీలు పెట్టి స్టే కోరండి. అక్కడా వినకపోతే హైకోర్టులో 226 కింద రిట్ ఉంది. వకీలుకు డబ్బెక్కడిదంటారా? 1987 న్యాయసేవల చట్టం 12వ సెక్షన్ కింద ఎస్సీ, ఎస్టీలకు ఉచితంగా వకీలును పెట్టాలి. తప్పుడు సమాచారమిచ్చి అధికారి చేత మనవాళ్ళకు నష్టం చేయిస్తే, ఆ పని చేయించిన మనవాడు కానివాడి మీద అట్రాసిటీ చట్టం 3(1)(క్యూ) ఉంది.

సంఘాల బాధ్యత ఇంకొకటి. డీలరు గొడవ తేలేదాకా కార్డుదారుల బియ్యం ఒక్క నెల కూడా ఆగకుండా చూడాలి.

తప్పుంటే రుజువు చేయండి, శిక్షించండి. ముందు మాత్రం మాట వినండి.