స్కర్టు కొలిచిన కలాలకు రక్తహీనత కనబడదా?

2017 జూన్. ఇంగ్లండులో మహిళల క్రికెట్ ప్రపంచకప్ మొదలు కాబోతున్నది. మన జట్టు కెప్టెన్ మిథాలీ రాజ్. సికింద్రాబాదులో ఆట నేర్చిన బిడ్డ. 1999లో, 16 ఏండ్ల వయసులో, ఆడిన తొలి వన్డేలోనే ఐర్లండు మీద 114 నాటౌట్. 2002లో టాంటన్‌లో ఇంగ్లండు మీద టెస్టులో 214, అప్పటికి అది ప్రపంచ రికార్డు. అట్లాంటి మనిషిని పట్టుకొని ఒక విలేఖరి ఏమడిగిండు? మగ క్రికెటర్లలో మీకు ఎవరంటే ఇష్టం అని! మగ క్రికెటర్‌ను పట్టుకొని ఆడవాళ్లలో నీకెవరిష్టమని ఎన్నడన్నా అడిగిన్రా అని ఆమె తిప్పికొట్టింది. దేశమంతా చప్పట్లు కొట్టింది. మేమూ కొట్టినాం.

చప్పట్లయితే కొట్టినాం గానీ, ఆ ప్రశ్న ఎక్కడ తయారైందో ఎవరూ అడగలేదు. అది ఒక్క విలేఖరి బుర్రలో పుట్టింది కాదు. అది మన పత్రికాఫీసుల్లో, మన స్పోర్ట్సు డెస్కుల్లో రోజూ తయారయ్యే సరుకు. ఆడమనిషి ఆడితే ఆట గురించి అడగొద్దు, ఆమె బట్టల గురించి, పెండ్లి గురించి, కులం గురించి అడగాలె అన్నది అక్కడ రాయని రూలు.

నమ్మకం లేకపోతే సానియా మీర్జా సంగతి చూడండి. 2005 ఫిబ్రవరిలో హైదరాబాద్ ఓపెన్ గెలిచింది. అదే ఏడు యుఎస్ ఓపెన్‌లో నాలుగో రౌండుకు పోయింది. అంతకు ముందు ఏ భారతీయ మహిళా అంత దూరం పోలేదు. ఆమెకు అప్పటికి 18 ఏండ్లు. ఆ సెప్టెంబరులో ఒక మతపెద్ద ఆమె బట్టల మీద అభ్యంతరం చెబితే పత్రికలన్నీ స్కర్టు మీద పడ్డయి. ఆయనది ఒక్క ప్రకటన. పత్రికలవి వారాల తరబడి శీర్షికలు, ఫొటోలు, చర్చలు. కోల్‌కతాలో ఆడబోతే పోలీసు కాపలా పెట్టాల్సి వచ్చింది. ఆ పిల్ల ఫోర్‌హ్యాండ్ గురించి రాసిన కాలమ్‌లెన్ని, స్కర్టు గురించి రాసిన కాలమ్‌లెన్ని? పాత ఫైళ్లున్నోళ్లు తీసి లెక్కపెట్టుకోవచ్చు.

2014లో కొత్త రాష్ట్రం ఆమెను బ్రాండ్ అంబాసిడర్‌గా పెట్టుకుంటే, ఇక్కడి రాజకీయ నాయకుడే ఆమెను పాకిస్తాన్ కోడలు అన్నడు. ఎవరి కోడలన్నదే ఆమె గుర్తింపన్నట్టు! 2016లో డబుల్స్‌లో ప్రపంచ నంబర్ వన్‌గా ఉన్నప్పుడు, పెద్ద పేరున్న ఇంగ్లీషు టీవీ ఎడిటర్ ఒకాయన ఎప్పుడు స్థిరపడతారు, పిల్లల సంగతేంది అని అడిగిండు. ఆమె అక్కడికక్కడే నిలదీస్తే ఆయన క్షమాపణ చెప్పిండు. అది ఆయన మర్యాద, కాదనం. కానీ క్షమాపణ చెప్పని ఎడిటర్లు వందల మంది ఉన్నరు. వాళ్లకు ఎదురు అడిగే అవకాశం ఆడపిల్లలకు రాదు, ఎందుకంటే అందరూ సానియాలు కారు.

ఇగ కులం. 2016 ఆగస్టులో రియోలో సింధు వెండి పతకం గెలిచిన రాత్రి, ఇంటర్నెట్టులో ఆమె పేరు పక్కన జనం ఎక్కువగా వెతికిన మాట ఆమె కులం. వెతికినోళ్లలో ముందున్నది మన రెండు తెలుగు రాష్ట్రాలే. ఆ తెల్లారి మా బిడ్డంటే మా బిడ్డని రెండు ప్రభుత్వాలు నజరానాల వేలం పాట మొదలుపెట్టినయి. ఇక్కడ 5 కోట్లు, అక్కడ 3 కోట్లు. తండ్రి రమణ వాలీబాల్ ఘనత అందరికీ గుర్తొచ్చింది. తల్లి విజయ కూడా జాతీయ స్థాయి వాలీబాల్ ఆడిన మనిషే అన్నది వార్త చివర ఒక వాక్యమైంది, అదీ జాగా మిగిలిన పత్రికల్లో.

ఇన్ని ప్రశ్నలు అడిగిన్రు కదా. అడగనివి ఏందో చెప్పమంటరా?

ఈ మాటలు చిలకలగూడలో కూర్చొని రాస్తున్నాం. ఒక దిక్కు రైలు పట్టాలు, రైల్వే క్వార్టర్లు. ఇంకో దిక్కు నడిచిపోయేంత దూరంలో గాంధీ దవాఖాన. కొంచెం ముందుకు పోతే తార్నాకలో జాతీయ పోషకాహార సంస్థ. దేశానికంతా ఎవరేం తినాలో చెప్పే శాస్త్రవేత్తలు మన పక్కబస్తీ మనుషులే అన్నట్టు. మరి ఇదే రాష్ట్రంలో 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ఏం చెప్పింది? 15 నుంచి 49 ఏండ్ల ఆడవాళ్లలో నూటికి 57.6 మందికి రక్తం తక్కువ. అంతకు ముందటి సర్వేలో 56.6. అంటే తగ్గింది లేదు, పెరిగింది. 15 నుంచి 19 ఏండ్ల ఆడపిల్లల్లో ఈ లెక్క నూటికి 60 దాటింది. సరిగ్గా ఆటకు తయారు కావాల్సిన వయసది!

రక్తం తక్కువంటే ఏంది? హిమోగ్లోబిన్ 12 గ్రాములకు దిగువన ఉండుడు. ఒంట్లో ప్రాణవాయువును మోసుకపోయేది అదే. అది తక్కువున్న పిల్ల గ్రౌండు చుట్టూ రెండు రౌండ్లు కొట్టేసరికి ఎగపోస్తది, కాళ్లు గుంజుతయి, కండ్లు తిరుగుతయి. కోచ్ ఏమంటడు? బద్ధకం అంటడు. ఇంట్లో ఏమంటరు? ఆడపిల్లకు ఈ దుంకులాట ఎందుకంటరు. రెండు నెలలకు ఆ పిల్ల ఆట బంద్. రక్తపరీక్ష చేయించిన కోచ్ ఎవరన్నా ఉంటే అతనికి దండం పెడతాం. పరీక్ష చేసేందుకు పెద్ద దవాఖాన కూడా అక్కరలేదు, ఒక్క చుక్క రక్తం చాలు. అయినా ఏ సెలక్షన్ ట్రయల్స్ వార్తలోనన్నా, వచ్చిన ఆడపిల్లల్లో ఎంతమందికి రక్తం సరిపోను ఉన్నదో చదివినట్టు గుర్తున్నదా?

ముట్టు సంగతి ఇంకా ఘోరం. ఆ మాట అచ్చులో పడితేనే డెస్కులో పెద్దమనుషులకు చెమటలు. 2016లో రియోలో చైనా ఈతగత్తె ఫు యువాన్‌హుయ్, రాత్రే నెలసరి వచ్చింది, అలసిపోయినానని కెమెరా ముందు చెప్పేసింది. 2024లో పారిస్‌లో మన మీరాబాయి చాను నాలుగో స్థానంలో ఆగిపోయి, తనకది మూడో రోజని దాచుకోకుండా చెప్పింది. విన్నోళ్లు ఏం చేసిన్రు? సాకు చెబుతున్నదని ఎక్కిరించిన్రు. తెల్లబట్టలే వేసుకోవాలని నూరేండ్లకు పైగా పట్టుబట్టిన వింబుల్డన్ కూడా, మరక పడుతుందన్న ఆడవాళ్ల భయాన్ని గుర్తించి 2023 నుంచి స్కర్టు కింద ముదురు రంగు నిక్కరు వేసుకోనిస్తున్నది. స్కర్టు గురించి అడగాల్సిన అసలు ప్రశ్న అది. 2005లో మన పత్రికలకు అది తట్టనే లేదు.

మన బస్తీల్లో సాయంత్రం ఏ గ్రౌండు దిక్కు పోయినా పోరగాళ్లదే రాజ్యం. ఆడపిల్లలు లేరా? ఉన్నరు, గోడ పక్కన నడుస్తూ ట్యూషనుకు పోతుంటరు. గ్రౌండులో బట్టలు మార్చుకునే గది లేదు, తలుపు గడియపడే మరుగుదొడ్డి లేదు. మగపిల్లవానికి గోడ చాలు. ఆడపిల్ల నీళ్లు తాగకుండా ఆడాలె. ఎండాకాలంలో!

ఇక్కడ ఒక మాట ఒప్పుకోవాలె. సికింద్రాబాదు నుంచి ఆడపిల్లలు ప్రపంచం దాకా పోయిన్రంటే అందులో రైల్వేది పెద్ద చెయ్యి. మిథాలీకి కొలువిచ్చింది రైల్వే. 2006లో బీసీసీఐ కిందికి వచ్చేదాకా ఆడవాళ్ల క్రికెట్‌కు డబ్బూ లేదు, దస్కమూ లేదు, రైల్వే నౌకరే తిండి పెట్టింది. సింధు మొదట షటిల్ కొట్టింది సికింద్రాబాదు రైల్వే సిగ్నల్ ఇనిస్టిట్యూట్ కోర్టులోనే. నాన్నది రైల్వే ఉద్యోగం కాబట్టి. అంటే కోర్టు, గ్రౌండు, దవాఖాన, జీతం అందితే మన ఆడపిల్లలు ఏం చేస్తరో రైల్వే గోడ లోపల రుజువైపోయింది. గోడకు ఇవతల బస్తీలో పుట్టిన పిల్ల ఏం పాపం చేసింది?

గోడ దాటొచ్చినోళ్లూ లేకపోలేదు. వరంగల్ జిల్లా కల్లెడ పిల్ల జీవాంజి దీప్తి 2024 మే నెలలో కోబెలో 400 మీటర్లు 55.07 సెకన్లలో ఉరికి టీ20 విభాగంలో ప్రపంచ రికార్డు కొట్టింది. సెప్టెంబరులో పారిస్ పారాలింపిక్స్‌లో కంచు పతకం తెచ్చింది. ఆమెను మొదట చూసింది పత్రిక కాదు, సర్కారు కాదు, బడిలో వ్యాయామం సారు. పతకం వచ్చినంక మన మీడియా ఏం చేసింది? ఊళ్లో చిన్నప్పుడు ఆమెను ఏమేమని తిట్టేవాళ్లో ఆ తిట్లన్నీ ఏరి శీర్షికలు పెట్టింది. స్ఫూర్తి కథ అట! సర్కారు కోటి రూపాయలు, ఉద్యోగం, జాగా ప్రకటించింది. సంతోషం. మరి వ్యాయామం సారు లేని బడులెన్ని ఉన్నయో ఎవరు రాయాలె?

నిజామాబాద్ నిఖత్ జరీన్ 2011లోనే జూనియర్ ప్రపంచ ఛాంపియన్. 2017లో భుజం గూడ తప్పి రింగుకు దూరమైంది. మళ్లీ లేచి 2022లో ఇస్తాంబుల్‌లో, 2023లో ఢిల్లీలో ప్రపంచ ఛాంపియన్ అయింది. నిక్కరు వేసుకుంటే చుట్టాలు ఏమన్నరన్నది ప్రతి ఇంటర్వ్యూలో ఉంటది. భుజం బాగయ్యేదాకా ఆడపిల్లకు ఫిజియో ఎవరు, ఖర్చెవరు పెట్టిన్రు, ఆమె లాగా పేరు లేని పిల్లకు అదే దెబ్బ తగిలితే ఏమయితది? ఇవి అడిగినోళ్లు తక్కువ.

కోచ్‌ల విషయానికొస్తే అడగాల్సిన ప్రశ్నకు ప్రాణమే పోతుంది. 2023 ఆగస్టులో హకీంపేట స్పోర్ట్స్ స్కూలులో ఆడపిల్లల మీద వేధింపుల ఆరోపణలు పత్రికకెక్కినంకనే అక్కడి అధికారిని సస్పెండ్ చేసిన్రు. 2024 ఫిబ్రవరిలో హైదరాబాద్ మహిళల క్రికెట్ జట్టు బస్సులో హెడ్ కోచ్ మందు తాగుతున్న వీడియో బయటపడ్డంకనే హెచ్‌సీఏ కదిలింది. పత్రికకెక్కాలె, వీడియో రావాలె. అప్పటిదాకా పిల్లలు ఎవరికి చెప్పుకోవాలె? 2013 చట్టంలో పని ప్రదేశమంటే స్టేడియం, క్రీడా శిక్షణ సంస్థ కూడా అని స్పష్టంగా రాసి ఉన్నది. ఫిర్యాదుల కమిటీ ఉండాల్సిందే. అయినా 2023లో రెజ్లర్లు ఢిల్లీ రోడ్డున పడినప్పుడు, దేశంలోని 30 క్రీడా సమాఖ్యల్లో సగానికి సరైన కమిటీలే లేవని మానవ హక్కుల కమిషనే నోటీసులిచ్చింది.

ఈ ప్రశ్నలు అడగాల్సింది ఎవరు? పత్రికల్లో ఉన్న ఆడవాళ్లం. మరి మేం ఎక్కడున్నాం? డిగ్రీ పట్టాలు పట్టుకొని, ఉద్యమంలో లాఠీలూ బాష్పవాయువూ తిని డెస్కుల్లోకి వస్తే, మాకిచ్చింది వంటలు, ముగ్గులు, చర్మ సౌందర్యం. స్పోర్ట్సు బీటు అడిగితే రాత్రి పూట మ్యాచులుంటయి అమ్మా అన్నరు. రాత్రి రెండింటికి పేజీలు దిద్దేటప్పుడు గుర్తుకురాని రాత్రి అప్పుడు గుర్తొచ్చింది! 2011 మార్చి 10 మిలియన్ మార్చ్ నాడు పొద్దంతా ట్యాంక్‌బండ్ చుట్టూ తిరిగిన మాకు తెలుసు, నీళ్లు తాగకుండా పనిచేసుడంటే ఏందో. మూత్రంలో ఇన్‌ఫెక్షన్ మా వృత్తి జబ్బు. గ్రౌండులో ఆ పిల్లకూ, గ్రౌండు బయట మాకూ అదే మంట.

బయట దెబ్బలు వేరే. 2024 ఆగస్టులో ముఖ్యమంత్రి సొంతూరు కొండారెడ్డిపల్లికి రుణమాఫీ వార్త కోసం పోయిన ఇద్దరు మహిళా జర్నలిస్టుల మీద దాడి జరిగింది. ఒకే మహిళా జర్నలిస్టును 2019లో ఒక పార్టీ ప్రభుత్వం, 2025లో ఇంకో పార్టీ ప్రభుత్వం అరెస్టు చేసినయి. కేసుల సంగతి కోర్టులు తేలుస్తయి. ఆ మహిళలను తిట్టినోళ్లు మాత్రం వాళ్ల వార్త మీద కాక వాళ్ల నడవడి మీద పడ్డరు. సానియా స్కర్టు కొలిచిన టేపే అది.

ఆడవాళ్లు ప్రశ్నలడిగితే ఎట్లుంటదో మన దగ్గరే చూసినాం. జహీరాబాద్ దగ్గర మాచనూరులో 2008 నుంచి దళిత మహిళలు నడుపుతున్న సంగం రేడియో విత్తనం గురించి, తిండి గురించి, ఒంటి గురించి అడిగింది. జర్నలిజం కోర్సులు వాళ్లకు ఎవరూ చెప్పలేదు. 1990ల మొదట్లో హైదరాబాదు ఆడవాళ్లే కూడి తెచ్చిన ‘సవాలక్ష సందేహాలు’ పుస్తకం, డాక్టరు ముందు నోరు విప్పలేని ఆడమనిషికి ఆమె ఒళ్లేందో తెలుగులో చెప్పింది.

2025 నవంబరు 2న మన ఆడవాళ్లు ప్రపంచకప్ గెలిచి, ఆ కప్పును తెచ్చి మిథాలీ చేతుల్లో పెట్టిన్రు. దానికి కొన్ని రోజుల ముందే విశాఖ స్టేడియంలో ఒక స్టాండుకు ఆమె పేరు పెట్టిన్రు. ఆమె ఆట నేర్చింది విశాఖలో కాదు. ఆ సంగతి ఉప్పల్ పెద్దలు ఆలోచించుకోవాలె. మాకు స్టాండు కంటే ముందు మరుగుదొడ్డి కావాలె.

అందుకే క్రీడా ప్రాధికార సంస్థకూ, నగరపాలక సంస్థకూ సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తులు పెడుతున్నాం. సికింద్రాబాదు గ్రౌండ్లలో ఆడపిల్లలకు గడియపడే మరుగుదొడ్లెన్ని? మహిళా కోచ్‌లెందరు? స్పోర్ట్స్ స్కూలు ఆడపిల్లలకు రక్తపరీక్ష చివరిసారి ఎప్పుడు చేసిన్రు? ఫిర్యాదుల కమిటీలో ఎవరున్నరు, వాళ్ల పేర్లు గోడ మీద రాసి ఉన్నయా? ఇవే పత్రికాఫీసులకు ఉత్తరంగా రాస్తున్నాం, మీ స్పోర్ట్సు డెస్కులో ఆడవాళ్లెందరన్న ఒక ప్రశ్న కలిపి. జవాబుకు చట్టం ఇచ్చిన గడువు 30 రోజులు. జవాబు వస్తే వచ్చినట్టు అచ్చేస్తాం, రాకపోతే రాలేదని అచ్చేస్తాం.